బట్లర్ హడ్సన్‌కు ముందు ముప్పై ఏళ్లు

రెండో ప్రపంచ యుద్ధం రోజుల్లో వచ్చిన బ్రిటిష్ సినిమాలు నాలుగైదు వరసగా చూస్తే ఒక సంగతి ఇట్టే తెలిసిపోతుంది. సైనికుల గుంపులో లండన్ వాగుడుకాయ ఒకడు, స్కాట్లాండ్ కుర్రాడు ఒకడు ఉండి తీరాలి. దేశమంతా ఒక్కటై పోరాడుతోందని చూపించాలి కదా! స్కాటిష్ నటుడు గోర్డన్ జాక్సన్ సినిమాల్లోకి వచ్చింది ఆ కోటాలోనే.

ఆయన 1923లో గ్లాస్గోలో పుట్టారు. స్కూలు రోజుల్లోనే బీబీసీ రేడియో నాటకాల్లో నటించారు. తర్వాత చదువు మానేసి రోల్స్ రాయిస్‌లో డ్రాఫ్ట్స్‌మన్‌గా చేరారు. లండన్‌లోని ఈలింగ్ సినిమా స్టూడియో వాళ్లకు ‘ది ఫోర్‌మన్ వెంట్ టు ఫ్రాన్స్’ (1942)లో స్కాట్లాండ్ సైనికుడి వేషానికి ఒక కుర్రాడు కావలసి వచ్చి ఈయన్ని తీసుకున్నారు. అక్కణ్ణించి వేషాలు ఆగలేదు. కాకపోతే దాదాపు అన్నీ ఒక్క మూసలోవే: నిజాయితీపరుడు, మొహమాటస్తుడు, చెప్పిన పని చేసుకుపోయేవాడు. స్కాట్లాండ్‌లోని బారా దీవిలో తీసిన ‘విస్కీ గలోర్!’ (1949)లో తల్లి మాటకు వణికిపోయే స్కూలు మాస్టారుగా వేశారు.

ఆ మంచివాడి మొహాన్ని బాగా వాడుకున్న సినిమా ‘ది గ్రేట్ ఎస్కేప్’ (1963). జర్మన్ల ఖైదు నుంచి పారిపోబోతున్న తోటివాళ్లకు, ఎవరైనా ఉన్నట్టుండి ఇంగ్లిష్‌లో పలకరిస్తే నోరు జారకూడదని శిక్షణ ఇచ్చేది ఆయన పాత్రే. తీరా తప్పించుకున్నాక బస్సు ఎక్కబోతుంటే, కాగితాలు చూసిన గెస్టపో (నాజీల రహస్య పోలీసు) మనిషి ‘గుడ్ లక్’ అంటాడు. ఈయన అలవాటుగా వెనక్కి తిరిగి ‘థాంక్యూ’ అనేస్తారు. అంతే, దొరికిపోతారు. సినిమా అంతా మర్చిపోయిన వాళ్లకు కూడా ఆ రెండు మాటలు గుర్తుంటాయి.

1969లో మ్యాగీ స్మిత్‌కు ఆస్కార్ తెచ్చిన ‘ది ప్రైమ్ ఆఫ్ మిస్ జీన్ బ్రోడీ’లో ఆయన సంగీతం మాస్టారు. అందులో చివరికి ఆయన పెళ్లికి ఒప్పుకునేది మిస్ లాక్‌హార్ట్‌ని. ఆ వేషం వేసింది రోనా ఆండర్సన్. నిజజీవితంలో అప్పటికి పద్దెనిమిదేళ్లుగా ఆయన భార్య!

అసలు పేరు మాత్రం 47 ఏళ్ల వయసులో, అదీ టీవీ వల్ల వచ్చింది. 1971లో లండన్ వీకెండ్ టెలివిజన్ మొదలుపెట్టిన ‘అప్‌స్టెయిర్స్, డౌన్‌స్టెయిర్స్’లో ఆయన బట్లర్, అంటే పనివాళ్లందరికీ పెద్ద, హడ్సన్. లండన్‌లో డబ్బున్నవాళ్ల పేట బెల్‌గ్రేవియాలోని ఒక పెద్దింట్లో పైన దొరలు, కింద పనివాళ్లు. పైన ఒద్దికగా తల వంచే హడ్సన్, కింద బల్ల దగ్గర కూర్చుంటే దొరకన్నా పెద్ద దొర. ఎవరి హోదాలో వాళ్లుండాలని గట్టిగా నమ్మే మనిషి. అలాంటివాడు వయసులో బాగా చిన్నదైన పనిపిల్ల లిలీ మీద మనసు పడి ఉద్యోగం వదులుకునే ఎపిసోడ్ చూడాలి. ఆయన పరువు పోతుంటే మనకు సిగ్గేస్తుంది. ఈ సీరియల్ అమెరికాలోనూ ఆడింది, 1976లో ఆయనకు అక్కడి టీవీ అవార్డు ఎమ్మీని తెచ్చింది.

బట్లర్ ముద్ర పడ్డాక దాంతోనే కాలక్షేపం చేసే వీలుంది. ఆయన 1977లో ‘ది ప్రొఫెషనల్స్’ అనే టీవీ సీరియల్‌కు వెళ్లారు. అందులో ఆయన పాత్ర సీఐ5 అనే రహస్య దళానికి అధిపతి జార్జ్ కౌలీ, కుంటుతూ నడిచే కటువైన మనిషి. బోడీ, డోయిల్ అనే ఇద్దరు కుర్ర ఏజెంట్లను పరుగులు పెట్టిస్తాడు. అదే స్కాటిష్ యాస, ఈసారి ఆజ్ఞలు ఇచ్చే కుర్చీలోంచి. 1979లో ఆయనకు ఓబీఈ అనే బ్రిటిష్ బిరుదు ఇచ్చారు.

1981లో ఆస్ట్రేలియాలో తీసిన ‘ఎ టౌన్ లైక్ ఆలిస్’ మినీ సిరీస్‌లో ఆయన ముసలి లాయర్. తన క్లయింట్ అయిన అమ్మాయి మీద మమకారం పెంచుకుని, పైకి మాత్రం చెప్పుకోడు. హడ్సన్ తర్వాత చెప్పుకోవలసిన టీవీ వేషం నా దృష్టిలో ఇదే. కౌలీ అభిమానులు ఒప్పుకోరనుకోండి.