నీలం బిడ్డకు మూడు వారాల గడువు: కాట్పాడి రైలు నుంచి తిరుపతి ఆసుపత్రి దాకా

పుట్టినప్పుడు బిడ్డ నిండుగా ఉంటుంది. మంచి బరువు, గట్టి ఏడుపు. రెండో రోజుకో మూడో రోజుకో పెదవులు, నాలుక నీలం తిరుగుతాయి. పాలు తాగుతూ అలసిపోతుంది. ఆక్సిజన్ పెట్టినా రంగు మారదు. స్టెతస్కోప్ పెట్టి వింటే గుండెలో వింత శబ్దం కూడా చాలాసార్లు ఉండదు. ట్రాన్స్‌పొజిషన్ ఆఫ్ గ్రేట్ ఆర్టరీస్ అనే లోపం ఎక్కువగా ఇలాగే బయటపడుతుంది. వైద్యులు దీన్ని పొట్టిగా టీజీఏ అంటారు. గుండె లోపాలతో పుట్టే ప్రతి 100 మందిలో సుమారు 5 మందికి ఇది ఉంటుంది, మగపిల్లల్లో ఎక్కువ. చికిత్స అందకపోతే దాదాపు సగం మంది నెల తిరగకుండానే, పది మందిలో తొమ్మిది మంది ఏడాదిలోపే చనిపోతారు. వేళకు ఆపరేషన్ జరిగితే మంచి కేంద్రాల్లో నూటికి 95 మందికి పైగా బతుకుతున్నారు. తిరుపతి, చిత్తూరు జిల్లాల్లో ఇప్పుడు ఆపరేషన్ చేసే చోటు దగ్గరకు వచ్చింది. బిడ్డను ఆ చోటికి వేళకు చేర్చే ఏర్పాటే ఇంకా గట్టిపడాలి. ఈ పరిస్థితి ఎలా వచ్చిందో తెలియాలంటే ముందు గుండెలో ఏం జరుగుతుందో చూడాలి.

గుండె నుంచి రెండు పెద్ద నాళాలు బయలుదేరతాయి. ఎడమ జఠరిక (గుండె కింది గది) నుంచి బృహద్ధమని మంచి రక్తాన్ని ఒంటికంతా పంపుతుంది. కుడి జఠరిక నుంచి పుపుస ధమని చెడు రక్తాన్ని ఊపిరితిత్తులకు చేరుస్తుంది. టీజీఏలో ఈ రెండు నాళాల మొదళ్లు తారుమారవుతాయి. ఒంట్లోంచి వచ్చిన చెడు రక్తం శుద్ధి కాకుండానే మళ్లీ ఒంట్లోకి పోతుంది. ఊపిరితిత్తుల్లో శుద్ధి అయిన రక్తం తిరిగి ఊపిరితిత్తులకే వెళ్తుంది. పక్కపక్కనే పారుతూ ఎక్కడా కలవని రెండు కాలువల పరిస్థితి ఇది. తల్లి కడుపులో ఉన్నంతకాలం ఆక్సిజన్ మాయ ద్వారా అందుతుంది కాబట్టి బిడ్డకు కష్టం తెలియదు. పుట్టాక ప్రాణం నిలిపేవి గర్భకాలం నుంచి మిగిలి ఉన్న రెండు దారులు: కర్ణికల (గుండె పై గదుల) మధ్య గోడలో చిన్న రంధ్రం, రెండు పెద్ద నాళాలను కలిపే డక్టస్ అనే పిల్ల నాళం. రెండు రక్తాలు కాస్తయినా కలిసేది అక్కడే. డక్టస్ మామూలుగా మొదటి రెండు మూడు రోజుల్లో మూసుకుపోతుంది. మిగతా పిల్లలకు అది ఆరోగ్య లక్షణం. ఈ బిడ్డకు మాత్రం అక్కడి నుంచే ఊపిరి అందడం కష్టమవుతుంది.

గర్భంలో గుండె తయారయ్యేది మూడో వారం నుంచి ఎనిమిదో వారం మధ్య. మొదట ఒకే గొట్టంగా ఉన్న నాళం లోపల మెలి తిరుగుతూ ఒక గోడ లేచి, దాన్ని రెండుగా విడదీస్తుంది. ఆ మెలిక సరిగా పడకపోతే నాళాలు తారుమారవుతాయి. చాలామంది తల్లులకు అప్పటికి తాము గర్భవతులమన్న సంగతి కూడా తెలిసీ తెలియనట్టే ఉంటుంది. అయినా నింద పడేది వాళ్ల మీదే. గ్రహణం నాడు వాకిట్లోకి వచ్చిందనీ, తినకూడనిది తిన్నదనీ అంటారు. గ్రహణానికీ దీనికీ ఏ సంబంధమూ లేదు. గర్భానికి ముందే తల్లికి మధుమేహం ఉంటే ముప్పు పెరుగుతుంది, అంతవరకు నిజం. చాలా కుటుంబాల్లో ఇది అంతకు ముందు ఎవరికీ లేకుండానే వస్తుంది. బాలింతను ఆ మాటలతో కుంగదీయడం అన్యాయం. బిడ్డను కదిలించాల్సిన గంటలు కూడా ఆ మాటల్లోనే గడిచిపోతాయి.

ఈ గుండెను 1797లోనే లండన్ వైద్యుడు మాథ్యూ బేలీ వర్ణించాడు. ఆ తర్వాత నూటయాభై ఏళ్ల పాటు వైద్యులకు చేతనైంది, బిడ్డ పోయాక గుండెను కోసి చూసి రాసుకోవడమే. 1944లో అమెరికాలోని జాన్స్ హాప్కిన్స్‌లో నీలం బిడ్డలకు తొలి ఆపరేషన్ జరిగింది గానీ అది మరో రకం లోపానికి. అక్కడి ప్రయోగశాలలోనే వివియన్ థామస్ టీజీఏ మీద కూడా పనిచేశాడు. ఆయన నల్లజాతీయుడు, వైద్య పట్టా లేని సహాయకుడు. రెండు రక్తాలు బాగా కలిసేలా కర్ణికల మధ్య గోడకు కోత పెట్టే పద్ధతిని కుక్కల మీద సాధన చేసి రూపొందించింది ఆయనే. ఆపరేషన్‌కు పేరు మాత్రం బ్లేలాక్, హాన్లన్ అనే సర్జన్లది పడింది. థామస్ పేరు కూడా అక్కడ ఉండాల్సింది.

1966లో ఫిలడెల్ఫియాలో విలియం రాష్కిండ్ ఛాతీ తెరవకుండానే కర్ణికల మధ్య గోడలో దారి చేసి చూపించాడు. తొడ దగ్గరి సిరలోంచి సన్నని గొట్టాన్ని గుండె దాకా పంపి, ఎడమ కర్ణికలో దాని కొసనున్న బెలూన్‌ను ఉబ్బించి, ఒక్క ఉదుటున వెనక్కి లాగాడు. గోడ చిరిగి దారి పెద్దదవుతుంది. చూస్తుండగానే బిడ్డ రంగు మెరుగవుతుంది. నేటికీ అత్యవసరంగా చేసే మొదటి పని చాలాసార్లు ఇదే.

అది ఊపిరి నిలిపే ఉపాయమే తప్ప పూర్తి చికిత్స కాదు. స్టాక్‌హోమ్‌లో సెన్నింగ్ 1958లో, టొరంటోలో మస్టర్డ్ 1963లో మరో దారి పట్టారు. నాళాల జోలికి పోకుండా కర్ణికల లోపలే రక్తాన్ని ఎదుటి వైపుకు మళ్లించారు. పిల్లలు బతికారు, బడికి వెళ్లారు, పెద్దవాళ్లయ్యారు. కానీ ఒంటికంతా రక్తం నెట్టే భారం బలహీనమైన కుడి జఠరిక మీదే ఉండిపోయింది. వారిలో చాలామందికి నడివయసుకు గుండె లయ తప్పడం, నీరసించడం మొదలైంది.

నాళాలనే కోసి అసలు చోట్ల అతికించవచ్చు కదా అన్న ఆలోచన మొదటి నుంచీ ఉంది. అడ్డుపడింది కరోనరీ ధమనులు. గుండె కండరానికే రక్తం ఇచ్చే ఈ నాళాలు బృహద్ధమని మొదట్లో పుడతాయి. బృహద్ధమనిని మార్చితే వీటినీ మార్చాలి. పసిబిడ్డలో వీటి మందం ఒకటి రెండు మిల్లీమీటర్లే. కొంచెం మెలిపడినా, లాగినట్టయినా గుండె అక్కడికక్కడే ఆగిపోతుంది. 1975లో బ్రెజిల్‌లోని సావో పాలోలో అడిబ్ జటేనీ వాటి చుట్టూ గోడను గుండీ అంత ముక్కగా కత్తిరించి, కొత్త చోట కుట్టి విజయం సాధించాడు. 1980ల్లో బోస్టన్‌లో కాస్టనేడా బృందం దీన్ని పుట్టిన కొద్ది రోజులకే చేయవచ్చని నిరూపించింది. ఆర్టీరియల్ స్విచ్ అని పిలిచే ఆ ఆపరేషనే నేటి ప్రామాణిక చికిత్స.

మూడు వారాల గడువు వచ్చింది ఇక్కడే. ఈ లోపంలో ఎడమ జఠరిక ఊపిరితిత్తులకు రక్తం నెడుతుంది. పుట్టాక ఊపిరితిత్తుల్లో ఒత్తిడి తగ్గిపోతుంది కాబట్టి దానికి పని తగ్గి, కండరం పలుచబడుతుంది. అలా నీరసించిన జఠరికకు ఒక్కసారిగా ఒంటి భారమంతా అప్పగిస్తే తట్టుకోలేదు. అందుకే జఠరికల మధ్య గోడలో వేరే రంధ్రం లేని బిడ్డలకు రెండు, మూడు వారాల్లోపే స్విచ్ చేయాలంటారు. మన ఇళ్లలో పదకొండో రోజున పురుడు, ఇరవయ్యొకటో రోజున ఉయ్యాల. ఆ ఉయ్యాల రోజుకే ఆపరేషన్ గడువు దాటిపోతున్నట్టు లెక్క.

ఒకప్పుడు చిత్తూరు జిల్లాలో గుండె జబ్బంటే వేలూరే. చిత్తూరు నుంచి నలభై కిలోమీటర్లలోపే. అక్కడి క్రిస్టియన్ మెడికల్ కాలేజీలో 1961లోనే ఓపెన్ హార్ట్ సర్జరీ జరిగింది. తిరుపతి వైపు వాళ్లు రైల్లో కాట్పాడిలో దిగి వెళ్లేవారు, లేదంటే మద్రాసు. దారి కన్నా ఖర్చు పెద్ద అడ్డంకి. గొలుసు తాకట్టు పెట్టి, కయ్య అమ్మి వెళ్లిన వాళ్లున్నారు. ఆడపిల్లయితే ఆ కయ్య అమ్మాలా వద్దా అని ఇంట్లో రెండు రోజులు తర్జనభర్జన పడిన వాళ్లూ ఉన్నారు. ఆ మాట రాయడానికి బాధగా ఉంది గానీ రాయకుండా ఉండలేను. 1991లో పుట్టపర్తిలో ఉచిత గుండె ఆపరేషన్లు చేసే ఆసుపత్రి వచ్చింది. 1986లో ఎన్టీఆర్ శంకుస్థాపన చేసిన స్విమ్స్ అనే పెద్దాసుపత్రి 1993లో తిరుపతిలో సేవలు మొదలుపెట్టింది. 2007లో ఆరోగ్యశ్రీ వచ్చాక పేద కుటుంబానికి డబ్బు అనే గోడ చాలావరకు కూలింది. 2021 అక్టోబరు 11న తిరుపతిలోని బర్డ్ ఆసుపత్రి ప్రాంగణంలో టీటీడీ ఆధ్వర్యంలో శ్రీ పద్మావతి చిన్నపిల్లల హృదయాలయం ప్రారంభమైంది. పిల్లల గుండెకే ప్రత్యేకించిన ఆసుపత్రి కొండ కిందికి వచ్చింది. జిల్లా పడమటి కొసన ఉన్న కుప్పం వాళ్లకు నేటికీ బెంగళూరే దగ్గర. మిగతా చాలా ఊళ్లకు తిరుపతి ఇక సగం పూట ప్రయాణం.

మరి ఆలస్యం ఎక్కడ? నా లెక్కలో అది కాన్పు గదికీ ఇంటికీ మధ్యే. సాధారణ కాన్పయితే తల్లీబిడ్డలను 48 గంటలకు ఇంటికి పంపుతారు. డక్టస్ మూసుకునేదీ అప్పుడే. ఆసుపత్రిలో బాగానే కనిపించిన బిడ్డ అమ్మమ్మ ఇంట్లో నీలం తిరుగుతుంది. చామనచాయ ఒంటి మీద, ట్యూబులైటు వెలుగులో నీలం తొందరగా కంటికి కనబడదు. రక్తంలో ఆక్సిజన్ 80 శాతం దాకా పడితే తప్ప అనుభవజ్ఞులు కూడా గుర్తుపట్టలేకపోవచ్చు. పసిబిడ్డ చేతులు, పాదాలు చలికి నీలంగా ఉండటం మామూలే. చూడాల్సింది నాలుకను, చిగుళ్లను. ఇక్కడ తరచూ వినపడే మాట ఇంకొకటి ఉంది: "టిఫా స్కాన్‌లో అంతా బాగుందన్నారు కదా!" గర్భంలోని బిడ్డ అవయవాలను చూసే ఆ స్కాన్‌లో గుండె నాలుగు గదుల దృశ్యం టీజీఏలో మామూలుగానే కనిపిస్తుంది. గదుల నుంచి నాళాలు ఎలా బయలుదేరుతున్నాయో ప్రత్యేకంగా చూస్తేనే లోపం దొరుకుతుంది. ఆ చూపు అందరికీ అలవాటు కాలేదు.

దీనికి సులువైన పరికరం ఎప్పటినుంచో ఉంది. 1974లో జపాన్ ఇంజినీరు టకువో అయోయాగి రూపొందించిన సూత్రం మీద వచ్చిన పల్స్ ఆక్సీమీటర్ అది. కోవిడ్ రోజుల్లో మనందరి వేలికీ తగిలినదే. బిడ్డ పుట్టి 24 గంటలు దాటాక నర్సు మెత్తటి పట్టీ లాంటి సెన్సర్‌ను కుడి అరచేతికి చుట్టి, అంకె నిలకడగా నిలిచేదాకా ఆగి రాసుకుంటుంది. తర్వాత ఒక పాదానికి చుడుతుంది. రెండు చోట్లా 95 లేదా అంతకు మించి ఉండి, రెంటి మధ్య తేడా 3 లోపు ఉంటే నిశ్చింత. 90 కన్నా తగ్గితే వెంటనే ఎకో, అంటే గుండె స్కాన్. మధ్యలో ఉంటే గంట ఆగి మళ్లీ చూస్తారు. నొప్పి లేదు, సూది లేదు, ఐదు నిమిషాల పని. అమెరికా 2011లో దీన్ని నవజాత శిశువులందరికీ చేయాలని సిఫారసు చేసింది. కేరళ 2017లో హృద్యం పథకంతో గుండె లోపాలున్న పిల్లలను నమోదు చేసి, ఆపరేషన్ దాకా వెన్నంటి చూసే పద్ధతి తెచ్చింది. మన దగ్గర 2013లో మొదలైన జాతీయ బాల స్వాస్థ్య కార్యక్రమంలో పుట్టుకతో వచ్చే గుండె జబ్బు కూడా ఉంది. ఈ పరీక్షను ప్రతి కాన్పు చోటా, ప్రైవేటు నర్సింగ్ హోముల్లో కూడా, డిశ్చార్జి కాగితంలో ఒక గడిగా చేర్చాలి. ఆ గడి నింపకుండా బిడ్డ ఇంటికి వెళ్లకూడదు.

దొరికిన బిడ్డను కదిలించడమూ ఒక పనే. డక్టస్‌ను తెరిచి ఉంచే ప్రోస్టాగ్లాండిన్ ఇ1 మందును సిరలోకి బొట్టుబొట్టుగా ఎక్కిస్తూ తీసుకురావాలి. అది ఫ్రిజ్‌లో ఉంచాల్సిన మందు. దాని వల్ల ఒక్కోసారి బిడ్డ ఊపిరి తీయడం ఆగిపోతుంది. అందుకే అంబులెన్సులో శ్వాస గొట్టం వేయగల మనిషి ఉండాలి. ఒళ్లు చల్లబడకుండా, చక్కెర పడిపోకుండా చూడాలి. కాన్పు జరిగే ప్రతి పెద్ద ఆసుపత్రి ఫ్రిజ్‌లో ఆ మందు నిల్వ ఉండటం, గుండె కేంద్రం ఫోన్ నంబరు గోడ మీద రాసి ఉండటం పెద్ద ఖర్చుతో కూడిన పనులు కావు.

గడువు దాటి వచ్చిన బిడ్డకు దారులు పూర్తిగా మూసుకుపోలేదు. పుపుస ధమనికి పట్టీ బిగించి, నీరసించిన ఎడమ జఠరికకు మళ్లీ బలం వచ్చేలా చేసి ఆ తర్వాత స్విచ్ చేయడం ఒకటి. పాత సెన్నింగ్ పద్ధతి మరొకటి. అయితే రెండింటిలోనూ ముప్పు ఎక్కువ. వేళకు ఆపరేషన్ అయిన పిల్లలు పరిగెత్తుతారు, చదువుకుంటారు. వాళ్లు కూడా క్రమం తప్పకుండా ఎకోకు రావాలి. మార్చి కుట్టిన కరోనరీలు, పుపుస ధమని కొమ్మలు ఎదుగుతున్న కొద్దీ ఇరుకవుతున్నాయేమో చూడాలి. ఆపరేషన్ కాగితాలను పెళ్లీడు దాకా, ఆ తర్వాత కూడా పారేయకుండా దాచాలని డిశ్చార్జి రోజునే తల్లిదండ్రులకు చెప్పి పంపాలి.