పహాణీలో పేరుంటే ఇల్లు కట్టేసుకోవచ్చా? బెంగళూరు చుట్టుపక్కల పొలాల గురించి అపోహలు, వాస్తవాలు

ఆదివారం హోస్కోటె దాటి పొలం చూసి వచ్చినవారు సోమవారం నా దగ్గరికి వస్తారు. చేతిలో పహాణీ (భూమి హక్కు, సాగు వివరాల రికార్డు) నకలు, ఫోనులో మామిడి మొక్కల మధ్య ఎర్ర పెంకుల ఇంటి బొమ్మ. ఎక్కువమంది మనవాళ్లే. అనంతపురం, చిత్తూరు వైపు నుంచి వచ్చి ఇక్కడ ఉద్యోగాల్లో స్థిరపడినవారు. "పేరు సరిగ్గానే ఉంది కదండీ, ఇక కట్టేసుకోవచ్చా?" అని అడుగుతారు. భూమి కాగితాలు చూసే న్యాయవాదిగా నా జవాబు ఎప్పుడూ ఒకటే: భూమి ఎవరిదో పహాణీ చెబుతుంది, అందులో ఏం చేయవచ్చో చెప్పేవి వేరే కాగితాలు.

అపోహ: 2020 నుంచి ఎవరైనా పొలం కొనవచ్చు, కాబట్టి ఇల్లూ కట్టవచ్చు.

మొదటి సగం నిజం. కర్ణాటక భూసంస్కరణల చట్టంలోని 79-ఎ, 79-బి సెక్షన్లు రైతు కానివారిని, వ్యవసాయేతర ఆదాయం ఏడాదికి 25 లక్షలు దాటినవారిని పొలం కొననిచ్చేవి కావు. 2020లో వాటిని తీసేశారు. తీసింది కొనుగోలుకు ఉన్న అడ్డును మాత్రమే. పొలాన్ని ఇంటిస్థలంగా మార్చే వ్యవహారాన్ని చూసేది 1964 నాటి భూ రెవెన్యూ చట్టం, అందులోని 95వ సెక్షన్. కొనే హక్కు వచ్చినంత మాత్రాన ఆ సెక్షన్ ఎక్కడికీ పోలేదు.

అపోహ: ఫామ్‌హౌస్ అంటే అనుమతులేవీ అక్కర్లేదు.

ఈ మాటను అమ్మేవాళ్లే పుట్టించారని నా నమ్మకం. 95వ సెక్షన్ రైతుకు ఒక వెసులుబాటు ఇస్తుంది: సాగు అవసరానికి కట్టడం కట్టుకోవచ్చు, బావి తవ్వుకోవచ్చు. ఫామ్‌హౌస్ మాత్రం కమతంలో పది శాతం దాటకూడదు, ఆ పైన గరిష్ఠ పరిమితి కూడా ఉంటుంది.

మొన్న ఒక జంట వచ్చారు. చిక్కబళ్లాపుర దారిలో ఐదు గుంటలకు బయానా ఇచ్చారట. మొక్కలు కంపెనీవాళ్లే పెంచుతారు, వీళ్లు వారాంతాల్లో వెళ్లి ఉండవచ్చు. బ్రోచరులో 1,800 చదరపు అడుగుల ఇల్లు, పక్కనే ఈత కొలను. నేను కాగితం తీసి లెక్క వేశాను. గుంట అంటే 33 అడుగుల పొడవు, 33 అడుగుల వెడల్పు, అంటే 1,089 చదరపు అడుగులు. ఐదు గుంటలు 5,445. అందులో పది శాతం 544. "మా హాలు కూడా ఇందులో సరిగ్గా పట్టదండీ" అని ఆమె నవ్వేసింది. ఆయన మాత్రం నవ్వలేదు, ఫోనులో మళ్లీ లెక్క చూసుకున్నాడు.

అంతటితో అయిపోలేదు. ఒప్పందం చదివితే ఆ ఐదు గుంటలకు హద్దులే లేవు. ఎనిమిది ఎకరాల సర్వే నంబరులో విడదీయని వాటా అది. విడదీసి రిజిస్టరు చేయాలంటే సర్వే శాఖ ఇచ్చే 11-ఇ స్కెచ్ కావాలి. అదీ లేదు. తమ మామిడి మొక్కలు ఏవో చూపించమంటే వాళ్లు చూపించలేరు, ఇల్లు ఎక్కడ కడతారు?

అపోహ: పంచాయతీ ఖాతా ఉంది, కరెంటు మీటరు వచ్చింది, అంటే సక్రమమే.

ఖాతా అంటే పన్ను కోసం ఆస్తిని నమోదు చేసే లెక్క. పంచాయతీ అక్రమ కట్టడం నుంచి కూడా పన్ను వసూలు చేస్తుంది. మీ చేతిలో ఉన్న పంచాయతీ కాగితం ఫారం 9, 11-ఎ జతా, లేక 11-బియా అన్నది చూడండి. 11-బి అంటే నియమాలకు లోబడని ఆస్తిని కూడా లెక్కలోకి తీసుకున్నారని అర్థం. నగరంలో బి-ఖాతా కథా దాదాపు ఇలాంటిదే.

అపోహ: మన వైపు నాలా కట్టినట్టు ఇక్కడా రుసుము కడితే సరిపోతుంది.

ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 2006లో వచ్చిన నాలా చట్టం (పొలాన్ని వ్యవసాయేతర భూమిగా మార్చే చట్టం) అలవాటైనవారు కన్వర్షన్, అంటే భూమి మార్పిడి, అంటే భూమి విలువలో ఇంత శాతం కట్టి రసీదు తెచ్చుకోవడమే అనుకుంటారు. ఇక్కడ అంతకంటే ముందు మాస్టర్ ప్లాన్ చూడాలి. బీడీఏ (బెంగళూరు అభివృద్ధి ప్రాధికార సంస్థ) పరిధికి 2007లో ఆమోదం పొందిన ఆర్‌ఎంపీ-2015 అనే సవరించిన మాస్టర్ ప్లాన్ ఉంది. దేవనహళ్లి, ఆనేకల్, హోస్కోటె లాంటి చోట్ల ప్రణాళికా సంస్థలు వేరు, పటాలూ వేరు. పటంలో మీ సర్వే నంబరు పసుపు రంగులో, అంటే నివాస ప్రాంతంలో ఉంటే పని తేలిక. అలాంటి భూముల విషయంలో ప్రభుత్వం కొన్నేళ్లుగా పద్ధతిని సులభం చేస్తూ వస్తోంది. ఆకుపచ్చలో, అంటే వ్యవసాయ ప్రాంతంలో ఉంటే ముందు భూ వినియోగ మార్పు కోరాలి. అది పట్టణ, గ్రామీణ ప్రణాళికా చట్టంలోని 14-ఎ సెక్షన్ కింద జరుగుతుంది: పత్రికా ప్రకటన, అభ్యంతరాలు, ప్రభుత్వ ఆమోదం. "నేను చేయించి పెడతా"నని ఏజెంటు అంటే, దరఖాస్తు నంబరు అడగండి. చాలాసార్లు ఆ నంబరే ఉండదు.

అన్నీ దాటి కన్వర్షన్ ఉత్తర్వు వచ్చినా ఇంటి నక్షాకు మళ్లీ అనుమతి కావాలి. పరిశ్రమ కోసం మార్చిన భూమిలో ఇల్లు కట్టడం కూడా కుదరదు.

అపోహ: ఇప్పుడు కట్టేస్తే అక్రమ-సక్రమలో సరిపోతుంది.

అక్రమ కట్టడాలను రుసుము కట్టించుకుని సక్రమం చేసే ఆ పథకంపై 2017 జనవరిలోనే సుప్రీంకోర్టు స్టే ఇచ్చింది. దాన్ని నమ్ముకుని పునాది తవ్వకండి.

అపోహ: పహాణీలో ఎకరం ఉంటే ఎకరమూ మనదే.

విస్తీర్ణం గడిలో కింద చిన్న అక్షరాలతో ఖరాబు (సాగులో లెక్కించని భూమి) లెక్క ఉంటుంది, ఎ ఒకటి, బి ఒకటి. బి-ఖరాబు అంటే దారి, వాగు, కాలువ లాంటి ఉమ్మడి భూమి. దాన్ని ఎవరి పేరు మీదా మార్చరు. పైగా ఆర్‌ఎంపీ-2015 ప్రకారం రాజకాలువ (వాన నీరు పోయే కాలువ) స్థాయిని బట్టి 50, 25 లేదా 15 మీటర్ల మేర కట్టడాలు నిషిద్ధం. వర్తూరు వైపు అరెకరం కొన్న ఒకాయన ఆ గడి చూడలేదు. మూడు గుంటలు బి-ఖరాబు. కొలతల రోజు నేనూ వెళ్లాను. ఎండిపోయి, తుమ్మచెట్లు మొలిచి, కాలువలా కనిపించని పల్లంలో సర్వేయరు నిలబడి ఇక్కడి నుంచి హద్దు అన్నాడు. కొన్నాయన చేతిలోని ఇంటి నక్షా విప్పి చూస్తే అది వంటగది.