డ్రాగన్ గుడ్లకు బూజు పట్టలేదు బిడ్డా

హన్మకొండ
దసరా మరునాడు

చిరంజీవులైన పిల్లలకు తాతయ్య ఆశీస్సులు.

ఈ సెలవుల్లో మా మనవరాలు, దాని తమ్ముడు, పక్కింటి పిల్లలిద్దరు కలిసి పన్నెండు డ్రాగన్ గుడ్లు చేశారు. మనవరాలు చదివే పుస్తకాల నిండా డ్రాగన్లు, మంత్రదండాలు, మాట్లాడే చెట్లే. బిస్కెట్ పొడితో గుడ్డు ఆకారంలో ఉండలు చేసి, వాటిని కరిగించిన చాక్లెట్‌లో ముంచి, గుమ్మడి గింజలను పొలుసుల్లా ఒకదాని మీద ఒకటి అంటించారు. ఏ కొండ గుహలోంచో ఎత్తుకొచ్చినట్టే ఉన్నాయి. వాటిని డబ్బాలో పెట్టి ఫ్రిజ్‌లో దాచారు.

సద్దుల బతుకమ్మ నాడు డబ్బా తెరిస్తే గుడ్ల మీద తెల్లటి పొర, అక్కడక్కడ బూడిద రంగు మచ్చలు. చిన్నోడు ఒకటే ఏడుపు. మనవరాలు ఏడవలేదు. డబ్బా పట్టుకుని నా దగ్గరకు వచ్చి రెండు ప్రశ్నలు అడిగింది.

"తాతా, వీటికి బూజు పట్టిందా?"

"పొయ్యి ముట్టించకుండనే చేసినం కదా, మరి దీన్ని వంట అంటారా?"

రెండూ మంచి ప్రశ్నలే. అందుకే మీ అందరికీ కలిపి రాస్తున్నాను.

మొదటిదానికి జవాబు తేలిక. అది బూజు కాదు. బూజైతే నూగులా లేస్తుంది, ముక్కు దగ్గర పెట్టుకుంటే ముక్కిపోయిన వాసన వస్తుంది. ఇది చాక్లెట్‌లో ఉన్న కొవ్వే. లోపలి నుంచి పైకి వచ్చి గడ్డకట్టింది. తినొచ్చు, ఏమీ కాదు. కానీ ఎందుకు పైకి వచ్చిందో తెలుసుకుంటే మళ్లీ చేసినప్పుడు మీ గుడ్లు నిగనిగలాడతాయి.

కోకో గింజ బరువులో దాదాపు సగం కొవ్వే. దాన్ని కోకో వెన్న అంటారు. ఇప్పుడు మీ అమ్మ బతుకమ్మ పేర్చడం గుర్తు చేసుకోండి. తాంబాళంలో గుమ్మడి ఆకులు పరుస్తుంది. తంగేడు పూలు, గునుగు కట్టలు తీసుకుని కాడలన్నీ ఒకే కొలతకు కోస్తుంది. ఒక వరుస పూర్తయ్యాకే ఇంకో వరుస. చేయి తిరిగిన వాళ్లు పేరిస్తే చెరువు దాకా నెత్తిన మోసుకుపోయినా ఒక్క పువ్వు జారదు. మా చెల్లె ఒకసారి పొద్దు గూకుతోందని గబగబా పేర్చింది. వాకిలి దాటకముందే బతుకమ్మ పక్కకు ఒరిగింది. పూలు అవే, తాంబాళం అదే. పేర్చడంలోనే తేడా.

కోకో వెన్న కూడా గడ్డకట్టేటప్పుడు తనను తాను పేర్చుకుంటుంది. అలా పేర్చుకునే తీరులు ఆరు ఉన్నాయని శాస్త్రవేత్తలు లెక్క తేల్చారు. మొదటి తీరులు వదులుగా ఉంటాయి, చేతిలో పట్టుకోగానే మెత్తబడిపోతాయి. ఐదో తీరు అసలైనది. అది గట్టిగా, మెరుస్తూ, విరిస్తే టప్పుమంటూ ఉంటుంది. దాదాపు 34 డిగ్రీల దాకా కరగదు. దుకాణంలో కొన్న చాక్లెట్ బిళ్లలో కొవ్వు ఈ ఐదో తీరులోనే పేర్చి ఉంటుంది.

మా పిల్లలు ఏం చేశారంటే, వాళ్ల నానమ్మ పొయ్యి దగ్గరకు రానివ్వలేదు కాబట్టి చాక్లెట్ ముక్కలను స్టీలు గిన్నెలో వేసి, మూత పెట్టి డాబా మీద ఎండలో ఉంచారు. అది మంచి ఉపాయమే. కానీ మిట్టమధ్యాహ్నం దాకా వదిలేశారు. పేర్చిన పూలన్నీ రాలి కుప్పయ్యాయి. ఆ వేడి చాక్లెట్‌లోనే ఉండలు ముంచి వెంటనే ఫ్రిజ్‌లోకి తోశారు. అంటే "చీకటి పడుతోంది, తొందరగా పేర్చండి" అని అరిచినట్టు. కొవ్వు దొరికిన తీరులో దొరికినట్టు పేర్చుకుంది. తర్వాత రెండు రోజులు మెల్లమెల్లగా సర్దుకుంటూ కొంత పైకి జారింది. ఆ జారిన పూలే వాళ్లు చూసిన తెల్ల మచ్చలు.

మరి బాగా పేర్చడం కోకో వెన్నకు ఎవరు నేర్పాలి? బతుకమ్మ దగ్గర చేయి తిరిగిన పెద్దమ్మ ఒకామె కూర్చుంటే, చూసి చూసి చిన్నపిల్లల చేతులు కూడా దారిలో పడతాయి కదా. ఇక్కడా అంతే. చాక్లెట్ మొత్తం కరిగించవద్దు. మూడో వంతు సన్నగా తరిగి పక్కన పెట్టుకోండి. మిగతాది కరిగాక నీడలోకి తెచ్చి, ఆ తరుగును కొంచెం కొంచెంగా వేస్తూ తిప్పండి. కరగని ఆ ముక్కల్లో ఐదో తీరు చెడకుండా ఉంటుంది, మిగతా కొవ్వు దాన్ని చూసి పేర్చుకుంటుంది. తిప్పడం ఆపకూడదు. బతుకమ్మ చుట్టూ ఆడవాళ్లు ఎంత నిదానంగా తిరుగుతారో అంత నిదానంగా తిప్పండి. కడిగి తుడుచుకున్న వేలి వెనక ఒక చుక్క వేసుకుని పెదవికి ఆనించుకోండి. వేడిగా కాకుండా, రవ్వంత చల్లగా తగిలితే అది 31 డిగ్రీల దగ్గర ఉన్నట్టు. అప్పుడు ముంచాలి.

ముంచాక మొదట ఫ్యాన్ కింద ఉంచండి. మెరుపు తగ్గి గట్టిపడటం మొదలయ్యాక పదిహేను నిమిషాలు ఫ్రిజ్‌లో పెడితే చాలు. బయటికి తీసినప్పుడు డబ్బా మూత వెంటనే తీయకండి, గాలిలోని తేమ గుడ్ల మీద చెమటలా పడుతుంది. ఇంకో మాట. చవకగా దొరికే కాంపౌండ్ చాక్లెట్‌లో కోకో వెన్నకు బదులు వేరే నూనెల కొవ్వు ఉంటుంది. దానికి ఈ శ్రమ అక్కర్లేదు. చిన్నపిల్లలు మొదటిసారి దానితో చేసినా తప్పు లేదు. రుచి మాత్రం అంత రాదు.

తడి గరిటె సంగతి కూడా చెప్పాలి. పక్కింటి బాబు చెంచా కడిగి తుడవకుండా గిన్నెలో పెట్టాడు. పాకంలా జారుతున్న చాక్లెట్ ఒక్కసారిగా మట్టిపెడ్డలా బిగుసుకుపోయింది. చాక్లెట్‌లో చక్కెర, కోకో పొడి కొవ్వులో పొడిపొడిగా తేలుతుంటాయి. రెండు చుక్కల నీళ్లు తగలగానే చక్కెర జిగటై అన్నిటినీ అంటించేసుకుంటుంది. పారేయకండి. చెంచా చెంచాగా వేడి పాలు పోసి తిప్పితే మళ్లీ జారుతుంది. గుడ్లకు పనికిరాదు గానీ అరటిపండు ముక్కల మీద పోసుకుని తినొచ్చు. తినే వస్తువును తొందరపడి పారేసే అలవాటు మంచిది కాదు.

ఇక రెండో ప్రశ్న. పొయ్యి ముట్టించకుండా చేసింది వంటేనా?

మా చిన్నప్పుడు చాక్లెట్ అంటే మాకు పిప్పరమెంటు బిళ్లే. కానీ సద్దుల బతుకమ్మ నాడు మా అవ్వ మలీద ముద్దలు చేసేది. పొద్దున కాల్చిన రొట్టెలను తుంచి, రోట్లో వేసి, బెల్లం కలిపి దంచేది. గరిటెడు నెయ్యి వేసి గుప్పిట్లో బిగించి ముద్దలు కట్టేది. మేము రోలు చుట్టూ కూర్చునేవాళ్లం. ముద్ద కట్టేటప్పుడు అవ్వ వేళ్ల సందుల్లోంచి నెయ్యి మెరిసేది. ఆ ముద్దలు కట్టేటప్పుడు అగ్గి లేదు. అయినా అవ్వ వండలేదని ఎవరూ అనలేదు.

మీ డ్రాగన్ గుడ్డు లోపల ఉన్నది ఆ మలీద ముద్దకు తమ్ముడే. రొట్టె బదులు 200 గ్రాముల మేరీ బిస్కెట్లు పొడి చేస్తారు, బెల్లం నెయ్యి బదులు మిల్క్‌మెయిడ్, అంటే డబ్బాలో దొరికే చిక్కటి తీపి పాలు పోస్తారు, మూడు చెంచాల కోకో పొడి కలుపుతారు. మిల్క్‌మెయిడ్ ఒకేసారి పోయకండి, ముద్ద కట్టేంత వరకే. బిస్కెట్ ఎక్కడో కాలింది. పాలు ఎక్కడో మరిగాయి. మీ గిన్నెలో అగ్గి లేదంటే, ఆ అగ్గి దగ్గర మీకంటే ముందు ఇంకెవరో చెమటోడ్చారని.

కోకో సంగతి ఇంకా వింత. ఆ చెట్టుకు కాయలు కొమ్మల చివర కాదు, మొద్దుకూ లావు కొమ్మలకూ అతుక్కుని కాస్తాయి. అది దక్షిణ అమెరికా అడవుల్లో పుట్టిన చెట్టు. ఇప్పుడు మనకు దగ్గర్లోనే, ఏలూరు వైపు కొబ్బరి తోటల నీడలో పెంచుతున్నారు. కాయ కోస్తే లోపల తెల్లటి గుజ్జులో గింజలు. వాటిని కుప్పపోసి అరటాకులు కప్పి ఐదారు రోజులు ఉంచుతారు. నిప్పు లేదు, ఎండ తగలదు. అయినా కుప్ప లోపల దానంతట అదే వరంగల్ మే నెల ఎండంత వేడి పుడుతుంది. కంటికి కనపడని సూక్ష్మజీవులు గుజ్జును తింటూ పుట్టించే వేడి అది. ఆ వేడికి గింజ లోపల మార్పు రాకపోతే, తర్వాత ఎంత వేయించినా చాక్లెట్ రుచి రాదు. కాబట్టి బిడ్డా, మీది వంటే. పెద్ద వంటలో చివరి మెట్టు మీది.

పేర్ల గురించి కూడా ఒక మాట. "బిస్కెట్ ఉండకు డ్రాగన్ గుడ్డు అని పేరు పెట్టుకోవడం ఎందుకు" అని ఇంట్లో ఎవరో అన్నారు. నాకు ఆ మాట నచ్చలేదు. నా ఏడో ఏట బాపు మమ్మల్ని ఎడ్లబండి మీద మేడారం జాతరకు తీసుకుపోయాడు. ములుగు దాటాక అంతా అడవి. దారి పొడుగునా అందరూ "అమ్మకు బంగారం తీసుకుపోతున్నం" అంటుంటే, మా బండిలో అంత బంగారం ఎక్కడుందా అని మూటలన్నీ వెతికాను. గద్దెల దగ్గర బాపు మూట విప్పితే బెల్లం! అక్కడ బెల్లం పేరు బంగారం. ప్రసాదంగా వచ్చిన చిన్న ముక్కను నేను చప్పరించలేదు, గుప్పిట్లో పట్టుకుని ఇంటిదాకా తెచ్చాను. మామూలు బెల్లమైతే బండి కదలకముందే తినేవాణ్ణి. కోకో చెట్టుకు లినేయస్ అనే స్వీడన్ శాస్త్రవేత్త 1753లో అచ్చైన తన పుస్తకంలో రాసిన పేరు థియోబ్రోమా కకావో. థియోబ్రోమా అంటే గ్రీకు భాషలో దేవతల ఆహారం. అంత పెద్ద శాస్త్రవేత్తకే అలాంటి పేరు కావలసి వచ్చింది.

డ్రాగన్లే కాదు, మన కథల్లోవి కూడా చేయండి. ఏడు సముద్రాల అవతల, మర్రి తొర్రలో, పంజరంలో, చిలకలో దాగిన మాంత్రికుడి ప్రాణం మీకు తెలుసు. ఉండ మధ్యలో ఎండు ద్రాక్ష, ఆ ద్రాక్ష కడుపులో ఒక యాలక గింజ దాచండి. తినేవాళ్లకు చెప్పకండి. పేలాల్లా తెల్లగా ఉబ్బి ఉండే ఫూల్ మఖానాను సగం దాకా చాక్లెట్‌లో ముంచితే అర్ధచంద్రులు. బేకరీలో దొరికే పొడుగు సూప్ స్టిక్స్‌ను ముంచితే మంత్రదండాలు.

చివరిగా ఒక పని చెప్తాను. మన ఒంటి వేడి 37 డిగ్రీలు. కోకో వెన్న బాగా పేర్చుకుంటే కరిగేది దాదాపు 34 దగ్గర. ఎక్కడి అడవి చెట్టు, ఎక్కడి మన నాలుక! చేతిలో గట్టిగా నిలిచి, నోట్లో పెట్టగానే చెరువులో వదిలిన బతుకమ్మలా విడిపోతుంది. ఒక కొత్త చాక్లెట్ ముక్క, తెల్ల మచ్చలు పడ్డ పాత ముక్క ఒకటి తీసుకోండి. ముందు రెండింటినీ చెవి దగ్గర పెట్టుకుని విరవండి, చప్పుడు వినండి. తర్వాత ఒక్కోటీ నాలుక మీద పెట్టుకుని, కొరక్కుండా, కళ్లు మూసుకుని లెక్కపెట్టండి. పూర్తిగా కరగడానికి ఏది ఎన్ని అంకెలు తీసుకుందో నాకు రాయండి.

మా మనవరాలి లెక్క అరవై దాటింది. చిన్నోడు ఏడు దగ్గరే కొరికేశాడు, రేపు మళ్లీ మొదలుపెడతాడట.

మీ
తాతయ్య