క్యాన్సర్ కాదు, అయినా తొందరెందుకు? మెదడు గదుల్లోని గడ్డల వెనక కథ

వరంగల్, హనుమకొండల్లో ఏ స్కానింగ్ సెంటర్ ముందు కాసేపు నిలబడినా ఇలాంటి దృశ్యం కనిపిస్తుంది. కవరులోంచి రిపోర్టు తీసి, అర్థంకాని ఇంగ్లీషులో తెలిసిన ఒక్క మాట కోసం వెతుకుతారు. ‘బినైన్’ అన్న మాట కంటపడగానే ఇంటికి ఫోను వెళ్తుంది: ‘‘క్యాన్సర్ కాదట, భయం లేదు.’’ అరగంట తర్వాత న్యూరోసర్జన్ ఆ ఫిల్ములు చూసి ‘‘ఇవాళే చేర్చండి’’ అంటాడు. అదే జబ్బు ఉన్న ఇంకొకరికి ‘‘ఏమీ అక్కర్లేదు, ఆరు నెలల తర్వాత రండి’’ అంటాడు. రెండు కుటుంబాలకూ అనుమానమే. ఒకరికి డాక్టరు డబ్బు కోసం భయపెడుతున్నాడేమోనని, ఇంకొకరికి తమను పట్టించుకోవడం లేదేమోనని.

తప్పు కొంత మా పత్రికల వాళ్లది కూడా. ‘బినైన్’ అన్న మాటను ‘ప్రమాదం లేని కణితి’ అని రాసి అలవాటు చేసింది మేమే. అది పక్క కణజాలంలోకి చొరబడదు, ఒంట్లో వేరే చోటికి పాకదు. ఆ మాటకు అర్థం అంతవరకే. అది కూర్చున్న చోటు గురించి ఆ మాట ఏమీ చెప్పదు. మెదడు లోపలి గదుల విషయంలో చోటే సగం జబ్బు.

మెదడులో నాలుగు గదులున్నాయి. డాక్టర్లు వాటిని వెంట్రికల్స్ అంటారు. కుడి ఎడమల రెండు పెద్దవి, మధ్యలో సన్నని చీలికలాంటి మూడోది, వెనక కింద నాలుగోది. వీటిలో తేటనీరులాంటి మస్తిష్క మేరు ద్రవం తిరుగుతుంటుంది. కాకతీయుల గొలుసుకట్టు చెరువులు చూసిన వాళ్లకు దీన్ని వివరించడం సులువు. పై చెరువు నిండితే నీరు తూము గుండా కింది చెరువుకు, అక్కడి నుంచి దాని కిందిదానికి. పక్క గదుల నుంచి మూడో గదికి దారి మన్రో రంధ్రాలు. మూడో గది నుంచి నాలుగోదానికి వెళ్లే కాలువ ఒకటి రెండు మిల్లీమీటర్లకు మించి ఉండదు. ఈ పోలిక ఒక్కచోట సరిపోదు. చెరువుకు వాన ఆగే రోజులుంటాయి, ఇక్కడ రోజుకు సుమారు 500 మిల్లీలీటర్ల ద్రవం ఊరుతూనే ఉంటుంది. ఏ సమయంలో కొలిచినా తల, వెన్నులో కలిపి ఉండేది 150 మిల్లీలీటర్లే, అంటే రోజుకు మూడుసార్లకు పైగా మారిపోతుంది. పైగా పుర్రెకు మత్తడి లేదు. తూముకు శనగ గింజంత అడ్డం పడితే చాలు, పై గదులు ఉబ్బడం మొదలవుతుంది. మన ఊళ్లలో ‘తలలో నీరు చేరింది’ అనేది దీన్నే.

ఈ అడ్డాల్లో బాగా పేరుపడింది మూడో గది ముందుభాగంలో, సరిగ్గా మన్రో రంధ్రాల దగ్గర పెరిగే కొల్లాయిడ్ తిత్తి. నిజానికి అది కణితి కూడా కాదు, చిక్కటి జిగురు నిండిన సంచి. చిన్నపిల్లల్లో ద్రవాన్ని ఊరించే కుచ్చులోనే పెరిగే పాపిలోమా ఉంది. అది దారికి అడ్డం పడడమే కాకుండా ద్రవాన్ని అతిగా ఊరిస్తుంది కూడా. యువకుల్లో న్యూరోసైటోమా, నడివయసు దాటిన వాళ్లలో సబ్ఎపెండిమోమా, అప్పుడప్పుడు మెనింజియోమా కనిపిస్తాయి. అన్నీ అరుదైనవే.

వీటిని మొదట చూసింది శవపరీక్షల బల్ల మీద. 1832లో ఫ్రాన్స్‌లో గెరార్డ్ ఒక మూడేళ్ల పాపలో పాపిలోమాను వర్ణించాడు. 1858లో వాల్‌మన్ కొల్లాయిడ్ తిత్తిని రాసిపెట్టాడు. బతికి ఉండగా తెలుసుకోవడానికి అప్పుడున్న ఒకే కిటికీ కన్ను. 1851లో హెల్మ్‌హోల్ట్జ్ కంటి లోపలికి చూసే ఆఫ్తాల్మోస్కోప్ చేసిన తర్వాత, తలలో ఒత్తిడి పెరిగితే కంటి వెనక నరం మొన ఉబ్బుతుందని చూడగలిగారు. ఆ కిటికీ విలువ ఇప్పటికీ తగ్గలేదు. కళ్లద్దాల కోసం వెళ్లిన మనిషిని కంటి డాక్టరే స్కానుకు పంపడం ఈ జబ్బుల్లో కొత్త సంగతి కాదు. కానీ కన్ను ఒత్తిడి ఉందని మాత్రమే చెబుతుంది, అడ్డం ఎక్కడుందో చెప్పదు.

ఆ చోటును మొదట చూపింది గాలి. బాల్టిమోర్‌లోని జాన్స్ హాప్కిన్స్‌లో వాల్టర్ డాండీ అనే యువ సర్జన్‌కు, ఎక్స్‌రేలో పేగుల్లోని గాలి ఎముకల మీద నల్లగా కనిపించడం గురించి తన గురువు హాల్‌స్టెడ్ తరచూ అనే మాట గుర్తుండిపోయింది. పేగులో కనిపించే గాలి మెదడు గదిలో ఎందుకు కనిపించదు? 1918లో పుర్రెకు రంధ్రం చేసి, గదిలోని ద్రవాన్ని కొద్దికొద్దిగా లాగి, అంతే గాలి ఎక్కించి ఎక్స్‌రే తీశాడు. ఏ వైపు తల తిప్పితే ఆ పైభాగానికి గాలి చేరేది. ఆ నల్లని నీడలో ఒకచోట నొక్కు పడితే గడ్డ అక్కడే. మరుసటి ఏడాది నడుము దగ్గర నుంచి గాలి ఎక్కించే పద్ధతీ చెప్పాడు. రోగికి అది నరకం. గాలి కరిగిపోయేదాకా రోజుల తరబడి తల పగిలే నొప్పి, వాంతులు. అయినా సుమారు అర్ధశతాబ్దం పాటు ఇంతకంటే మంచి దారి లేకపోయింది.

1921లో డాండీ మూడో గదిలోని కొల్లాయిడ్ తిత్తిని తీసి రోగిని బతికించాడు. 1933లో మూడో గది కణితుల మీద, మరుసటి ఏడాది పక్క గదుల కణితుల మీద పుస్తకాలు రాశాడు. రెండింటి పేర్లలోనూ ‘బినైన్’ అన్న మాట ఉంది. ఆయనకు ఆ మాట ఊరట కాదు, వాదన. తీసేస్తే మనిషి పూర్తిగా బాగుపడే గడ్డ కనుక, అంత లోతుకైనా వెళ్లాల్సిందేనని.

మన దేశంలో ఈ విద్య ఆలస్యంగా మొదలైంది. 1949లో వేలూరులో జాకబ్ చాందీ, 1950లో మద్రాసులో బి.రామమూర్తి న్యూరోసర్జరీ ప్రారంభించారు. వరంగల్‌లో కాకతీయ వైద్య కళాశాల 1959లో వచ్చింది. అయితే వైద్య కళాశాల ఉండడం వేరు, మెదడు తెరిచే బల్ల ఉండడం వేరు. ఆ కాలంలో తలలో గడ్డ అనుమానం వస్తే ఇక్కడి వాళ్లకు దారి రైలు పట్టాలే. హైదరాబాదు, లేదా వరంగల్ మీదుగా మద్రాసు వెళ్లే జీటీ ఎక్స్‌ప్రెస్.

1971 అక్టోబరు 1న లండన్‌లోని ఒక ఆసుపత్రిలో హౌన్స్‌ఫీల్డ్ అనే ఇంజినీరు చేసిన సీటీ యంత్రం తొలి రోగి మెదడును అడ్డంగా కోసినట్టు చూపించింది. గాలి ఎక్కించే నరకం సీటీతో ముగిసింది. కొల్లాయిడ్ తిత్తి సీటీలో సాధారణంగా నడిమధ్యన తెల్లటి గుండ్రని చుక్కగా ఉంటుంది. ఆ తర్వాత వచ్చిన ఎమ్మారై గడ్డకూ దాని పక్కనున్న రక్తనాళాలకూ ఉన్న సంబంధాన్ని చూపింది. ఎమ్మారైలో మాత్రం ఈ తిత్తి ఒక్కోసారి ద్రవం రంగులోనో మెదడు రంగులోనో కలిసిపోతుంది. ఖరీదైన పరీక్షే ఎప్పుడూ గెలుస్తుందని అనుకోవద్దు.

యంత్రం దాకా వచ్చేలోపు జరిగే ఆలస్యాన్ని మాత్రం ఏ యంత్రమూ తగ్గించలేదు. భూపాలపల్లి వైపు ఊరిలోనో జగిత్యాల దగ్గరో మొదలైన తలనొప్పి ముందు ఆర్ఎంపీ దగ్గరికి, తర్వాత కళ్లద్దాల దుకాణానికి, ఆపైన సైనస్ మందులకు, పార్శ్వపు నొప్పి మాత్రలకు వెళ్తుంది. మధ్యలో తాయెత్తు కూడా. ఎవరినీ ఎగతాళి చేయాల్సిన పనిలేదు. వంద తలనొప్పుల్లో దాదాపు అన్నీ నిజంగా మామూలువే. కానీ తెల్లవారుజామున లేపి కూర్చోబెట్టే నొప్పి, వికారం లేకుండానే వచ్చే వాంతి, నడకలో తడబాటు, చూపు మసకబారడం కలిస్తే లెక్క మారుతుంది. 1951లో కెల్లీ అనే వైద్యుడు 29 మంది కొల్లాయిడ్ తిత్తి రోగులను పరిశీలించి, స్పృహ పోకుండానే ఉన్నట్టుండి కాళ్లు మడతపడి కూలబడడాన్ని కూడా నమోదు చేశాడు. మన దగ్గర దాన్ని ఫిట్స్ అనో నీరసం అనో అనుకుంటారు. మన్రో రంధ్రాలు ఒక్కసారిగా పూర్తిగా మూసుకుంటే గంటల్లో స్పృహ పోవచ్చు, ప్రాణమూ పోవచ్చు. ‘ఇవాళే చేర్చండి’ అన్న మాట వెనక ఉన్నది ఇదే. ఇలాంటి రోగికి మెదడువాపు జ్వరమేమోనని తొందరపడి నడుము దగ్గర నీరు తీస్తే, కింద ఒత్తిడి తగ్గి మెదడు కిందికి జారే ప్రమాదం ఉంది. స్కాను ముందు, సూది తర్వాత.

అసలు ఏది బినైన్ అన్నదీ కాలంతో మారింది. 1982లో ఫ్రాన్స్‌లో హసూన్ బృందం ఎలక్ట్రాన్ మైక్రోస్కోప్ కింద చూసి న్యూరోసైటోమాను వేరు జాతిగా గుర్తించింది. అంతకుముందు అది మామూలు మైక్రోస్కోప్ కింద వేరే గడ్డల్లా కనిపించి, ఆ పేర్లతోనే నమోదయ్యేది. గడ్డ మారలేదు, పేరు మారింది, దాంతో రోగికి చెప్పే భవిష్యత్తూ మారింది. ఇప్పటికీ ప్రపంచ ఆరోగ్య సంస్థ దాన్ని రెండో గ్రేడులోనే ఉంచింది. పూర్తిగా తీయగలిగితే చాలామంది బాగుంటారు, మిగిలితే మళ్లీ పెరగొచ్చు. మన దగ్గర ఇంకో మారువేషం ఉంది. పంది బద్దెపురుగు గుడ్లు కలుషితమైన కూరగాయలతో, నీటితో ఒంట్లోకి చేరి మెదడు గదిలో తిత్తిగా నిలిచిపోతాయి. మాంసం ముట్టని వాళ్లకూ వస్తుంది. స్కానులో అది గడ్డలాగే దారికి అడ్డం పడి కనిపించవచ్చు.

తీయడానికి రెండు దారులు. పుర్రె తెరిచి, రెండు అర్ధగోళాల మధ్య నుంచో మెదడు పొర గుండానో మైక్రోస్కోప్‌తో వెళ్లడం ఒకటి. చిన్న రంధ్రం గుండా ఎండోస్కోప్‌తో వెళ్లడం రెండోది. ఈ రెండోదాని మూలం మూత్రనాళాల వైద్యంలో ఉంది. 1910లో చికాగోలో లెస్పినాస్ అనే యూరాలజిస్టు మూత్రాశయంలోకి చూసే సిస్టోస్కోప్‌తోనే పసిపిల్లల మెదడు గదుల్లోకి చూశాడు. కొల్లాయిడ్ తిత్తికి ఆ పద్ధతి 1983లో వచ్చింది. ఎండోస్కోప్‌లో కోత చిన్నది, కోలుకోవడం త్వరగా. కానీ సంచి గోడ మిగిలిపోయి మళ్లీ నిండే అవకాశం ఎక్కువ. ఏ దారిలో వెళ్లినా తిత్తి పక్కనే ఫోర్నిక్స్ అనే సన్నని తంతువుల కట్ట ఉంటుంది. అది దెబ్బతింటే మనిషి లేచి నడుస్తాడు, మాట్లాడతాడు, కానీ పొద్దున ఏం తిన్నాడో గుర్తుండదు. ఆపరేషన్‌కు ముందు సంతకం పెట్టేవాళ్లు ఖర్చు కంటే ముందు దీని గురించే అడగాలన్నది నా అభిప్రాయం.

గడ్డను వెంటనే తీయలేనప్పుడు నీటికి వేరే దారి చేస్తారు. తల నుంచి చర్మం కిందుగా పొట్టలోకి దిగే ‘పైపు’, అంటే షంట్. 1956లో అమెరికాలో జాన్ హోల్టర్ అనే మెకానిక్ జబ్బుతో పుట్టిన కొడుకు కోసం పూనుకుని దానికి నమ్మకమైన వాల్వు తయారుచేశాడు. మన దేశంలో తక్కువ ధరకు దొరికే ఛాబ్రా షంట్ వచ్చాక అది పేదవాడికీ అందింది. ట్యూబరస్ స్క్లీరోసిస్ అనే వంశపారంపర్య జబ్బుతో వచ్చే గది కణితికైతే 2010 నుంచి మాత్ర కూడా ఉంది, ఎవరోలిమస్. అన్ని గడ్డలకూ అది పనిచేయదు.

ఇక ఆరు నెలల తర్వాత రమ్మన్న రెండో కుటుంబం. బండి మీద నుంచి పడినందుకు తీసిన స్కానులో ఏ బాధా పెట్టని చిన్న తిత్తి బయటపడడం ఈ కాలపు సమస్య. 1999లో మేయో క్లినిక్ వైద్యులు లక్షణాలు లేని 58 మందిని గమనిస్తే, మొదటి ఐదేళ్లలో ఎవరికీ జబ్బు ముదరలేదు, పదేళ్లకు ఆ అవకాశం 8 శాతంగా తేలింది. 2016 నుంచి కొన్నిచోట్ల ఒక మార్కుల పద్ధతి వాడుతున్నారు. వయసు 65 లోపా, తలనొప్పి ఉందా, తిత్తి 7 మిల్లీమీటర్లు దాటిందా, ఎమ్మారైలో ఒక రకం చిత్రంలో తెల్లగా ఉందా, అడ్డంపడే చోట ఉందా. మార్కులు తక్కువైతే ఆగి చూడడం నిర్లక్ష్యం కాదు, లెక్క.

2007లో మూడు జిల్లాల్లో మొదలై మరుసటి ఏడాదికి రాష్ట్రమంతా పాకిన ఆరోగ్యశ్రీ పెద్ద ఆపరేషన్ల భారం తగ్గించింది. తెలంగాణలో 2023 డిసెంబరులో దాని పరిమితి పది లక్షల రూపాయలైంది. కానీ ఆ పథకం ఆలోచనంతా ఆసుపత్రి మంచం చుట్టూనే తిరుగుతుంది. ఆపరేషన్ లేకుండా ఆగి చూసే మనిషి ఏడాదికోసారి తీయించుకునే స్కాను ఎక్కువగా సొంత జేబు మీదే పడుతుంది. డబ్బు లేక ఒక ఏడు మానేస్తారు, బాధ లేదు కదా అని మరో ఏడు.

మళ్లీ వచ్చినప్పుడు డాక్టరు మొదట అడిగేది ‘‘పాత ఫిల్ము తెచ్చారా?’’ అని. తిత్తి నిరుటి కంటే పెరిగిందా, గదులు ఉబ్బాయా అన్నది రెండింటినీ పక్కపక్కన వెలుతురులో పెడితేనే తెలుస్తుంది. ఆ ఫిల్ము చాలాసార్లు ఇంట్లో బీరువా వెనక నాలుగు మడతలు పడి, మధ్యన గీతలు తేలి ఉంటుంది. సీడీ అయితే పిల్లలు ఆడుకోవడానికి ఎప్పుడో తీసుకుని ఉంటారు.