మొక్కజొన్న సాసేజ్ చౌడర్: అపోహలు, వాస్తవాలు

చౌడర్ అంటే పాలు, బంగాళాదుంపలతో చిక్కగా చేసే సూపు లాంటి వంట. ముందు నలుగురికి సరిపడే కొలత: మూడు స్వీట్‌కార్న్ పొత్తులు, పావుకిలో చికెన్ సాసేజ్‌లు, 300 గ్రాముల బంగాళాదుంపలు, పెద్ద ఉల్లిపాయ ఒకటి, వెన్న, మైదా రెండేసి టేబుల్‌స్పూన్లు, కాచిన చిక్కటి పాలు ఒక కప్పు, బిర్యానీ ఆకు ఒకటి.

అపోహ: చౌడర్ అంటే హోటల్లో ఇచ్చే స్వీట్‌కార్న్ సూపే, కాస్త చిక్కగా ఉంటుందంతే.

వాస్తవం: ఆ సూపు చిక్కబడేది కార్న్‌ఫ్లోర్ కలిపిన నీళ్లతో. చౌడర్‌ని చిక్కబరిచేవి బంగాళాదుంప, వెన్నలో వేగిన మైదా, పాలు. కార్న్‌ఫ్లోర్‌తో చేస్తే ఎక్కువసేపు మరిగినా, మళ్లీ వేడిచేసినా పలచబడిపోతుంది.

అపోహ: ఏ పొత్తయినా ఒకటే.

వాస్తవం: బండి మీద బొగ్గులపై కాల్చి, ఉప్పూ నిమ్మచెక్కా రుద్ది ఇచ్చే నాటు పొత్తు దీనికి పనికిరాదు. దాని గింజలో పిండి ఎక్కువ, ఎంత ఉడికినా గట్టిగా పంటికి తగులుతుంది. రైతుబజారులో స్వీట్‌కార్న్ అని అడిగి, పై పొర కొంచెం ఒలిచి ఒక గింజను గోటితో నొక్కండి. పాలలాంటి రసం చిమ్మితే లేతది. కోసినప్పటి నుంచీ గింజలోని చక్కెర తగ్గుతూ పిండి పెరుగుతూ ఉంటుంది కాబట్టి కొన్నరోజే వండండి.

అపోహ: గింజలు ఒలిచాక బెండు చెత్తబుట్టకే.

వాస్తవం: అసలు రుచి అక్కడే ఉంది. పొత్తును వెడల్పాటి పళ్లెంలో నిలబెట్టి గింజలు కోశాక, కత్తి వెనక వైపుతో బెండును పైనుంచి కిందికి గీకండి. తెల్లటి చిక్కటి పాలు దిగుతాయి, వాటిని గింజల్లోనే కలపండి. బెండ్లను సగానికి విరిచి, నాలుగు కప్పుల నీళ్లూ బిర్యానీ ఆకూ వేసి, సన్నసెగ మీద 20 నిమిషాలు మరిగించి వడకడితే మూడు కప్పుల తియ్యటి నీళ్లు వస్తాయి. ఇవి చేతిలో ఉంటే సూప్ క్యూబ్ అక్కర్లేదు.

అపోహ: సాసేజ్‌లు మాంసమే కదా, చారులో వేసి బాగా ఉడికించాలి.

వాస్తవం: ఫ్రీజర్‌లో దొరికే చికెన్ సాసేజ్‌లు చాలావరకు ముందే ఉడికినవి, అయినా ప్యాకెట్ మీద చదివి చూసుకోండి. ఎక్కువసేపు ఉడికిస్తే రబ్బరులా సాగుతాయి. రాత్రే ఫ్రిజ్‌లోకి మార్చి మంచు వదలనివ్వండి. చక్రాల్లా కోసి, చెంచాడు నూనెలో కోసిన ముఖాలు గోధుమరంగుకు వచ్చేదాకా వేయించి తీసి పక్కన పెట్టండి. గిన్నె అడుగున అంటుకున్నదాన్ని కడిగేయకండి. అందులోనే వెన్న వేసి ఉల్లి మెత్తబడనిచ్చి, మైదా వేసి పచ్చివాసన పోయేదాకా రెండు నిమిషాలు వేయించి, బెండ్ల నీళ్లు పావుకప్పు దాచి, మిగతావి అరకప్పు చొప్పున పోస్తూ అడుగు గీకుతూ కలపండి. ఒకేసారి పోస్తే ఉండలు కడుతుంది. చిన్న ముక్కలుగా కోసిన దుంపలు వేసి 12 నిమిషాలు, గింజలు వేసి మరో అయిదు నిమిషాలు ఉడికించండి. గరిటెతో నాలుగైదు దుంపముక్కలను గిన్నె అంచుకేసి మెదిపితే చిక్కదనం దానంతటదే వస్తుంది. సాసేజ్‌లు చివర్లో వేయండి. వాటిలోనే ఉప్పుంటుంది, రుచి చూశాకే ఉప్పు.

అపోహ: పాలు విరిగితే పాలదే తప్పు.

వాస్తవం: చాలాసార్లు తప్పు మంటది, పులుపుది. కొవ్వు తక్కువున్న పాలు తొందరగా విరుగుతాయి. ఆరు శాతం కొవ్వున్న ఫుల్ క్రీమ్ పాలు తీసుకోండి. ఫ్రిజ్‌లోంచి తీసినవి అలాగే పోయకుండా గోరువెచ్చగా చేసి, మంట తగ్గించి, చివర్లో పోయండి. అంచున చిన్న బుడగలు కనిపిస్తే చాలు, తెర్లనివ్వొద్దు. టమాటా, నిమ్మరసం వద్దు.

అపోహ: గుంటూరు నోటికి ఆనాలంటే కారం కలిపి మరిగించాలి.

వాస్తవం: కారపు ఘాటును పాలలోని కేసీన్ అనే ప్రోటీన్, కొవ్వు పట్టేసుకుంటాయి. అందుకే కలిపి మరిగిస్తే రంగు మారినంతగా ఘాటు తెలీదు. వడ్డించే ముందు చెంచాడు వెన్న కరిగించి, పొయ్యి ఆపేసి, కచ్చాపచ్చాగా దంచిన ఎండుమిరపకాయ ఒకటి వేసి, ఆ ఎర్రటి వెన్నను గిన్నెల్లో పైన చుక్కలుగా వేయండి. మొదటి చెంచాకే ఘాటు అందుతుంది, మొక్కజొన్న తీపి తీపిగానే ఉంటుంది.

అపోహ: మిగిలింది పొద్దున్న తినొచ్చు, పొయ్యి మీదే ఉంచేయొచ్చు.

వాస్తవం: పాలూ మాంసమూ ఉన్న వంట ఇది. మామూలు రోజుల్లో రెండు గంటల్లోపు, బెజవాడ మే ఎండల్లో గంటలోపు వెడల్పాటి గిన్నెలోకి మార్చి ఫ్రిజ్‌లో పెట్టండి. రెండు రోజుల్లో తినేయండి. ఫ్రీజర్‌లో పెడితే దుంప రవరవగా మారి, పాలు విడిపోతాయి. మళ్లీ వేడిచేసేటప్పుడు గట్టిపడి ఉంటే దాచుకున్న బెండ్ల నీళ్లు పావుకప్పు పోసి, చిన్నమంట మీద కలుపుతూ పొగలు వచ్చేదాకా వేడిచేయండి.