పరాగ నాళం బిట్టు: 1824 కాదు, 1830 కాదు, మలుపు 1846లో ఉంది

ఎంట్రన్సుల సీజన్ రాగానే బోటనీలో ఒక బిట్టు మళ్లీ గొడవకొస్తుంది. పరాగ నాళాన్ని, అంటే పుప్పొడి రేణువు నుంచి పొడుచుకొచ్చే సన్నని గొట్టాన్ని, మొదట చూసిందెవరు, ఏ ఏట? పేరు మీద పేచీ లేదు, ఇటలీకి చెందిన జొవాన్ని బాటిస్టా అమీచీ. ఏడాది దగ్గరే ఒక గైడు 1824 అంటుంది, ఇంకొకటి 1830 అంటుంది. దాని కిందే ఇంకో బిట్టు: మొక్కల్లో ఫలదీకరణను కనుగొన్నదెవరు? జవాబు జర్మన్ వృక్షశాస్త్రవేత్త స్ట్రాస్‌బర్గర్, 1884. ఈ రెండింటి మధ్య అరవై ఏళ్లు ఏమీ జరగనట్టే ఉంటుంది. నిజానికి అందులో ఇరవై ఏళ్లు కొట్లాటతోనే గడిచాయి.

అమీచీ పుట్టుక, చదువు, ఫ్లారెన్సు అబ్జర్వేటరీ కొలువు ఎక్కడైనా దొరుకుతాయి. ఈ తగాదాకు కావాల్సింది ఒకటే: మోడెనాలో ఆయన ఆల్జీబ్రా, జ్యామితి, త్రికోణమితి చెప్పిన లెక్కల మాస్టారు. అప్పటి మైక్రోస్కోపు కటకాల్లో వస్తువు అంచున రంగులు విరిగి, సన్నని పొరలు కనిపించేవి కావు. దర్పణం రంగులు విరవదు కాబట్టి ఆయన ముందు దానితో మైక్రోస్కోపు కట్టాడు. దీర్ఘవృత్తానికి రెండు నాభులుంటాయి. ఒక నాభి దగ్గర వస్తువు పెడితే దాని ప్రతిబింబం రెండో నాభి దగ్గర తేలుతుంది. లెక్కగా ఇది ఇంటర్ పిల్లలకూ తెలుసు. లోహపు దర్పణాన్ని ఆ వంపులో అరగదీయడమే కష్టం.

మొదటి పరిశీలన గంగవాయిలి మీద. మనం మామిడికాయ వేసి పప్పులో వండుకునే కూరే, కోస్తాలో పావిలికూర అంటారు. పసుపు పూవు పొద్దున ఎండకు విచ్చి మధ్యాహ్నానికి ముడుచుకుంటుంది. అమీచీ దాని కీలాగ్రం (పుప్పొడి పడే కొస) మీది నూగులో రసం ఎలా తిరుగుతోందో చూస్తున్నాడు. ఒక నూగుకు అంటుకున్న పరాగరేణువు హఠాత్తుగా ఒక గొట్టాన్ని బయటికి తోసింది. ఆ గొట్టం లోపల సన్నని నలుసులు అటూ ఇటూ పారుతున్నాయి. ఇది ఇటాలియన్‌లో 1823లో అచ్చయింది, ఫ్రెంచి అనువాదం పారిస్ పత్రికలో 1824లో. గైడ్లలోని 1824 ఆ ఫ్రెంచి అచ్చుది.

1830 వేరే సంగతి. నాళాన్ని చూడడం ఒకటి, అది ఎక్కడికి పోతుందో చూడడం ఇంకొకటి. ఈ తేడా ల్యాబులో సులువుగా తెలుస్తుంది. 100 మి.లీ. నీళ్లలో 10 గ్రా. పంచదార, 10 మి.గ్రా. బోరిక్ ఆమ్లం, 30 మి.గ్రా. కాల్షియం నైట్రేటు కలిపి, స్లైడు మీద ఒక చుక్క వేసి, అప్పుడే విచ్చిన బిళ్ళగన్నేరు పరాగం దులపండి. తడి బ్లాటింగ్ కాగితం పరిచిన పెట్రి డిష్‌లో మూతపెట్టి ఉంచితే గంటలోపే నాళాలు కనిపించాలి. వట్టి నీళ్లలో వేస్తే రేణువులు నీరు పీల్చి పగిలిపోతాయి. మధ్యాహ్నపు పూలతో చేస్తే చాలాసార్లు మొలకే రాదు. అన్నీ సరిగ్గా కుదిరినా స్లైడు మీద నాళం కనిపిస్తుంది గానీ, పూవులో అది ఎక్కడికి పోతుందో కనిపించదు. నాళం కీలాగ్రంలోకి కొద్దిగా దిగి, లోపలి సరుకు వదిలేసి ఆగిపోతుందని ఫ్రెంచి వృక్షశాస్త్రవేత్త బ్రోన్యార్ అనుకున్నాడు. కాదు, కీలం (కీలాగ్రం కింది కాడ) పొడవునా దిగి అండద్వారం (తర్వాత విత్తనమయ్యే అండానికి ఉండే చిన్న రంధ్రం) దాకా వస్తుందని అమీచీ 1830లో ఇంకో ఫ్రెంచి వృక్షశాస్త్రవేత్త మిర్బెల్‌కు రాసిన ఉత్తరంలో చెప్పాడు. అందుకని ‘నాళాన్ని చూసిన ఏడాది’ అని అడిగితే 1830 తప్పు. ‘అండం దాకా పోతుందని చెప్పిన ఏడాది’ అంటే ఒప్పు.

ఇక అసలు తగాదా. 1837లో జర్మన్ వృక్షశాస్త్రవేత్త ష్లైడెన్, కణ సిద్ధాంతం ష్లైడెనే, నాళం కొసే అండం లోపలి పిండకోశంలోకి చొచ్చుకుపోయి పిండంగా మారుతుందన్నాడు. అప్పుడు అండం పని ఆ పిండానికి చోటివ్వడమే. మగవాడు విత్తు, ఆడది పొలం అనే మన పాత బీజక్షేత్ర న్యాయం లాంటిదే, కాకపోతే ష్లైడెన్ పరాగాన్నే ఆడదిగా లెక్కగట్టాడు. ఆయన ఎందుకు పొరబడ్డాడో ఊహించవచ్చు. నాళం కొస, లేత పిండం రెండూ అండద్వారం వైపే ఒకదాన్నొకటి ఆనుకుని ఉంటాయి. మైక్రోస్కోపు కోసం కోసిన ముక్కలో మధ్య పొర కదిలితే రెండూ ఒకే దారంలా కనిపిస్తాయి.

1842లో ఇటలీ శాస్త్రవేత్తల పడువా సభలో అమీచీ గుమ్మడిని చూపించి కాదన్నాడు. ష్లైడెన్ వినలేదు. గుమ్మడి అండం మందం, కోయకుండా లోపల చూడలేం. కోస్తే ‘అది నీ కత్తి చేసిన పని’ అనొచ్చు.

అందుకే 1846 జెనోవా సభకు అమీచీ ఆర్కిడ్‌ను ఎంచుకున్నాడు, ఆర్కిస్ మోరియో. దాని అండాలు ధూళిలా సన్నం, పారదర్శకం. కోయకుండా అలాగే మైక్రోస్కోపు కింద పెట్టొచ్చు. పైగా పరాగం పడ్డాకే అవి తయారవుతాయి, నాళం చేరడానికి చాలా రోజులు పడుతుంది. రోజుకో పూవు తీసి చూస్తే ఏది ముందో తేలిపోతుంది. స్త్రీబీజ కణం నాళం రాకముందే పిండకోశంలో ఉంది. నాళం వచ్చి పక్కన ఆగింది, ఆ తర్వాతే ఆ కణం విభజన మొదలుపెట్టింది. పిండం నాళం కొస నుంచి రాలేదు. మొక్కను ఎంచుకోవడంతోనే సగం పని అయిపోయింది.

1849లో జర్మన్ వృక్షశాస్త్రవేత్త హాఫ్‌మైస్టర్ చాలా జాతుల్లో ఇదే చూశాడు. అయినా మరుసటి ఏడు, ష్లైడెన్ పక్షాన రాసిన షాక్ట్ అనే మరో జర్మన్ వృక్షశాస్త్రవేత్త గ్రంథానికే ఆమ్‌స్టర్‌డామ్‌లో బహుమతి దక్కింది. 1856లో షాక్ట్ స్వయంగా గ్లాడియోలస్ పూలలో చూసి మాట మార్చుకున్నాడు. అప్పటికి అమీచీకి 70 ఏళ్లు.

స్ట్రాస్‌బర్గర్ 1884లో చూసింది కేంద్రకాల కలయిక. ఆ జవాబు తప్పు కాదు. ఆ కలయికలో ఆడపక్షం కణం అండంలో ముందే ఉందని జెనోవాలో తేల్చిన మనిషి పేరు మాత్రం ఆ ఫలదీకరణ బిట్టు జవాబులో రాదు.