రెండు చందమామల లోకానికి క్యాలెండర్

చిరంజీవులకు అమ్మమ్మ ఆశీస్సులు.

మీరు పంపిన నోటుపుస్తకం అందింది. మీ ఊహాలోకం మ్యాప్ బాగుంది. నదులన్నీ కొండల్లో పుట్టి బుద్ధిగా సముద్రంలో కలుస్తున్నాయి, నాకు అదే పెద్ద సంతోషం. క్యాలెండర్ పేజీ దగ్గర మాత్రం ఆగిపోయాను. ఏడాదికి 12 నెలలు, నెలకు 30 రోజులు, మొత్తం 360. శేషం సున్నా. నాకు నచ్చనిది ఆ సున్నాయే.

మన ఆకాశంలో ఏదీ అలా శేషం లేకుండా పోదు. పున్నమికీ పున్నమికీ మధ్య సగటున 29.53 రోజులు. ఏడాదికేమో 365.2422. పన్నెండు పున్నములు లెక్కపెడితే 354 రోజులే వస్తాయి, ఇంకా పదకొండు మిగులుతాయి. ఆ పదకొండుతో ఏం చెయ్యాలో తెలియకే మనుషులు వేల ఏళ్లు తలలు పట్టుకున్నారు. ముస్లింల హిజ్రీ క్యాలెండర్ వాటి జోలికే పోదు, అందుకే దాని నెలలు సుమారు 33 ఏళ్లలో రుతువులన్నీ చుట్టి వస్తాయి. కొందరు మిగిలినవన్నీ పోగేసి అధికమాసం వేశారు. 19 ఏళ్లలో ఏడు అధికమాసాలు వేస్తే మొత్తం 235 నెలలవుతాయి, అప్పుడు సూర్యుడి లెక్కకూ చంద్రుడి లెక్కకూ తేడా సుమారు రెండు గంటలే. ప్రాచీన ఈజిప్టువాళ్లు అచ్చం మీలాగే పన్నెండు ముప్పైలు వేసుకున్నారు. కాకపోతే చివర ఏ నెలకూ చెందని ఐదు రోజులు తగిలించారు. అయినా పావు రోజు మిగిలిపోయింది కదా, నాలుగేళ్లకో రోజు చొప్పున వాళ్ల ఏడాది రుతువుల నుంచి జారిపోతూనే ఉంది.

అందుకని మీ లోకాన్ని కొంచెం పాడుచేశాను. కోప్పడకండి.

రెండు చందమామల్ని గీసింది మీరే. పెద్దదానికి 42 రోజులకోసారి, చిన్నదానికి 18 రోజులకోసారి పున్నమి అనుకుందాం. ఏడాది 391 రోజులు. ఇప్పుడు కసాగు తియ్యండి (అది ఎందుకు పనికొస్తుందని పోయినసారి అడిగారుగా). 126 వస్తుంది. అంటే 126 రోజులకోసారి రెండూ ఒకే రాత్రి నిండుగా ఉంటాయి. జంట పున్నమి.

పున్నమి చంద్రుడు ఎప్పుడూ సూర్యుడికి ఎదురుగా ఉంటాడు. పొద్దుగుంకే వేళకు అటువైపు పైకొస్తాడు. మరి రెండూ నిండుగా ఉన్నాయంటే రెండూ పక్కపక్కనే ఉన్నట్టు. రెండు చందమామలూ పైనున్న మామూలు రాత్రుల్లో మీ ఊరి పిల్లాడి వెనక రెండు నీడలు పడతాయి, చెరో దిక్కుకు. రోజులు గడిచేకొద్దీ అవి దగ్గరవుతాయి. జంట పున్నమి రాత్రి వాకిట్లో నిలబడితే రెండూ ఒకదాని మీద ఒకటి పడి, ఒకే నీడ, అంచు మాత్రం కొంచెం మసకగా. ఆ ఊళ్లో ఎవరికీ గోడ క్యాలెండర్ అక్కర్లేదు. ఇలాంటివి కథలో రాయండి, తారీఖులు తర్వాత చూసుకోవచ్చు.

నేనూ మీ వయసులో ఒక కథ రాసి, మా హీరోని అర్ధరాత్రి నెలవంక వెలుగులో కోటగోడ ఎక్కించాను. సాయంత్రపు నెలవంక సూర్యుడి వెనకే దిగిపోతుంది, అర్ధరాత్రికి ఎక్కడుంటుంది? స్నేహితురాలు పట్టుకుని ఏడాదిపాటు ఏడిపించింది.

ఇంకో చిక్కుంది. మన భాషలో నెల అంటే చందమామే. నెలవంకలో, వెన్నెలలో ఉన్నది ఆ నెలే. ఒకే చందమామ ఉంది కాబట్టి మనకు గొడవ లేదు. మీ లోకంలో ఒకడు “వచ్చే నెల ఇచ్చేస్తా” అని అప్పు తీసుకున్నాడనుకోండి. ఇచ్చినవాడు 18 రోజులకే తలుపు కొడతాడు. తీసుకున్నవాడు 42 రోజులదని వాదిస్తాడు. ఈ తగువు తీర్చడానికే మీ రాజ్యంలో ఒక ఉద్యోగి కావాలి.

ఇక శేషం. మూడు జంట పున్నములకు 378 రోజులు, ఇంకా 13 మిగిలాయి. తీరంలో జాలర్లకు పోటు ఎప్పుడొస్తుందో తెలిస్తే చాలు, వాళ్లు 378తోనే ఏడాది ముగించేస్తారు. కొండల మీద రైతులకు అలా కుదరదు. ఏటా 13 రోజులు జారితే విత్తనాల పండగ ముప్పై ఏళ్లలో రుతువులన్నీ తిరుగుతుంది. మధ్యలో ఎప్పుడో కోతల వేళ వచ్చి కూర్చుంటుంది. అందుకని వాళ్లు మిగులు పోగైనప్పుడల్లా 42 రోజుల అదనపు నెల వేస్తారు, 42 ఏళ్లలో సరిగ్గా 13 సార్లు. లెక్క మీరే చూసుకోండి. ఒకే లోకం, రెండు కొత్త సంవత్సరాలు. సంతలో కలిసినప్పుడు ఎవరి తారీఖు వేసి పత్రం రాసుకుంటారో మీ ఇష్టం.

వారం సంగతి వేరు. ఆకాశంలో ఏడు రోజులకోసారి తిరిగొచ్చేది ఏదీ లేదు, అది మనుషులు పెట్టుకున్నదే. అయినా భలే మొండిది. 1582లో పోప్ గ్రెగరీ క్యాలెండర్ సరిదిద్దినప్పుడు అక్టోబర్ 4 తర్వాత ఏకంగా 15కి దూకారు. వారం మాత్రం చెదరలేదు, గురువారం తర్వాత శుక్రవారమే వచ్చింది. ఫ్రాన్సులో విప్లవకారులు 1793లో పది రోజుల వారం తెచ్చారు, సెలవు పదో రోజుకు పోయింది. 1806 మొదటి రోజు నుంచి మళ్లీ పాత క్యాలెండరే. సోవియట్ యూనియన్‌లో 1929లో ఐదు రోజుల వారం పెట్టి, ఫ్యాక్టరీలు ఆగకుండా ఒక్కో గుంపుకు ఒక్కో రంగు, ఒక్కో సెలవు ఇచ్చారు. నాన్నది ఒక రంగు, అమ్మది ఇంకో రంగు అయితే ఇంట్లో అందరూ కలిసి కూర్చునేది ఎప్పుడు? 1940లో ఏడు రోజులకే తిరిగొచ్చారు. మీ రాజు వారం మార్చిన మరుసటి పేజీలోనే జనం అలవాటు పడిపోయారని రాశారు. అంత తేలిగ్గా వదలరు, కనీసం రెండు పేజీలు గొణుక్కోనివ్వండి.

చివరగా మీ కొండల రాణి. పదమూడేళ్ల పిల్ల సింహాసనం ఎక్కిందని రాశారు. ఆమెను ఆ అదనపు నెలలో పుట్టించండి. పుట్టినరోజులు పదమూడే జరుపుకుంది, ఆ మాట అబద్ధం కాదు. మరి తీరం నుంచి వచ్చిన దూత ఆమె తలలో తెల్లవెంట్రుక చూసి ఏమనుకున్నాడో రాసి పంపండి.

మీ అమ్మమ్మ